రాత్రికి తోడు పెట్టిన ఆట

పడుకోబోయే ముందు ఇల్లాలికి చెయ్యవలసిన పనులు కొన్ని వుంటాయి. పాలు గోరువెచ్చగా వున్నప్పుడే తోడు పెట్టాలి. మర్నాడు ఇడ్లీ అనుకుంటే పిండి రుబ్బి, పొంగితే పొర్లకుండా పెద్ద గిన్నెలోకి మార్చాలి. శనగలు నానెయ్యాలి. వీటిలో ఒక్కటి మరిచిపోయినా తెల్లవారి ఇల్లంతా మన మొహంకేసే చూస్తుంది. రాత్రి మనం చేసేది గోరంత. మిగిలిన కొండంత పనీ మనం నిద్రపోతూండగా దానంతట అదే జరిగిపోతుంది. మా యింట్లో 2023 నుంచీ యీ జాబితాలో ఇంకొకటి వచ్చి చేరింది. కంప్యూటరు ఆట!

నవ్వకండి. ఆ సంగతి నాకు తెలిసిన తీరు చెబుతాను.

ఆ యేడు దసరా ముందు ఒక రాత్రి రెండు గంటలవేళ మంచినీళ్ళకు లేచాను. మావాడి గది తలుపుకింద నీలపు వెలుతురు కనిపించింది. ఇంజనీరింగులో అప్పుడే చేరాడు. "పరీక్షలు నెత్తిమీద పెట్టుకుని వీడు ఆడుకుంటున్నాడన్నమాట!" అనుకుని, అనవలసిన నాలుగు మాటలూ నాలిక చివర సిద్ధం చేసుకుని తలుపు తోశాను. వాడు గోడవైపు తిరిగి, నోరు తెరుచుకుని, ఒళ్ళెరగకుండా నిద్రపోతున్నాడు. మేలుకుని వున్నది కంప్యూటరొక్కటే. తెరమీద ఒక పొడుగాటి గీత, దాని పక్కన "61 శాతం" అన్న అంకె. నేను చూస్తూండగానే అది 62 అయింది. తిట్లు మింగి, మంచినీళ్ళు తాగి, వచ్చి పడుకున్నాను. నిద్ర పట్టిందా అంటే, లేదు.

పొద్దున్నే కాఫీ ఇస్తూ అడిగాను. "అదేమిట్రా, రాత్రంతా?"

"ఆట డౌన్‌లోడ్ అవుతోందమ్మా. 110 జీబీ. పగలు పెడితే నువ్వే తిడతావని రాత్రి పెట్టాను."

అదీ నిజమే. అంతకు వారం ముందు, ఇంటర్నల్ మార్కులు వెబ్‌సైటులో ఎక్కించడానికి ఆఖరిరోజున నేను కూచుంటే, ఒక్కొక్క పేజీ తెరుచుకోవడానికి ఒక్కొక్క యుగం పట్టింది. కేబులతనికి ఫోను చేసి నానామాటలూ అన్నాను. తీరా చూస్తే దొంగ ఇంట్లోనే వున్నాడు. పక్కగదిలో ఇదే ఆట, ఇంటికి వచ్చే నెట్టునంతా కుండలతో తోడేసుకుంటోంది.

తోడుకోవడం అన్న మాట నాది కాదు, మా అత్తయ్యగారిది. ఆవిడకు డెబ్భై తొమ్మిదేళ్ళు. సంగతంతా విని, "అయితే రాత్రి పెడితే పొద్దుటికి తోడుకుంటుందన్నమాట" అన్నారు. తెలుగు పాఠాలు చెప్పుకుని బతికేదాన్ని గనుక ఆ మాట దగ్గర ఆగిపోయాను. డౌన్‌లోడుకు మనవాళ్ళు దింపుకోలు, దిగుమతి అని యేవేవో అన్నారు. బావిలోంచి నీళ్ళు తోడుకున్నట్టూ, గిన్నెలో పెరుగు తోడుకున్నట్టూ ఒకే మాటలో రెండర్థాలూ వచ్చేలా ఎవరన్నా అనగలిగారా?

ఇంతకీ ఆట అంత బరువెందుకుంటుందీ అంటే, చిన్న లెక్క చూడండి. 1985లో వచ్చిన సూపర్ మారియో బ్రదర్స్ ఆట మొత్తం కలిపి 40 కిలోబైట్లు. ఇప్పుడు మన ఫోనుకు "శుభోదయం" అంటూ వచ్చే గులాబీపువ్వు బొమ్మ కూడా అంతకంటే పెద్దదే. మావాడు ఆడేది ఫోర్జా హొరైజన్ 5 అని, 2021లో వచ్చిన కార్ల ఆట. మెక్సికో దేశపు రోడ్లమీద తిరగాలి. అది 110 జీబీల చోటడుగుతుంది. మారియోలాంటివి సుమారు 27 లక్షలు అందులో ఇమిడిపోతాయన్నమాట! ఇదే పెద్దదనుకునేరు. 2019లో కంప్యూటరుకు వచ్చిన రెడ్ డెడ్ రిడెంప్షన్ 2 అనేది 150 జీబీలు ఖాళీ వుంచమంటుంది. 2020లో మైక్రోసాఫ్ట్ వారి విమానాల ఆటను ఐరోపాలో పెట్టెలో పెట్టి అమ్మితే, ఆ పెట్టెలో పది డీవీడీలున్నాయి. ఆట నడిపే సూత్రం చిన్నదే. కాని ప్రతి రాయికీ, ప్రతి ఆకుకీ, కారు రంగుమీది మెరుపుకీ దగ్గరనుంచి చూస్తే చెదరని బొమ్మ కావాలి. ప్రతి ఇంజనుకూ వేరే మోత కావాలి. బరువంతా ఆ అలంకారానిదే. మన ప్రబంధాలలో కథ పిడికెడూ వర్ణన పుట్టెడూ అని పిల్లలు గొణుగుతారు గాని, వాళ్ళాడే ఆటలూ ఆ బాపతే.

ఇక్కడొక మెలిక వుంది. కనెక్షను ఇచ్చేవాళ్ళు వేగాన్ని బిట్లలో చెబుతారు. ఆటవాళ్ళు బరువును బైట్లలో చెబుతారు. ఎనిమిది బిట్లయితేగాని ఒక బైటు కాదు. గజాల్లో కొని మీటర్లలో అమ్మే వ్యవహారం లాంటిదిది, చీరాల బట్టలకొట్లు చూసినవాళ్ళకు చెప్పక్కర్లేదు. 40 మెగాబిట్ల కనెక్షనంటే సెకనుకు 5 మెగాబైట్లు. 110 జీబీ రావాలంటే 22 వేల సెకన్లు, అంటే ఆరుగంటల పైచిలుకు. రాత్రి పదిన్నరకు పెడితే కోడికూతవేళకు పూర్తవుతుంది. అదే 2 మెగాబిట్ల పాత కనెక్షనైతే అయిదురోజులు చాలీచాలనట్టుండేది.

రాత్రే ఎందుకు? మా ఇంటి గొడవ ఒక్కటే కాదు. ఇప్పుడు ఇళ్ళకు వచ్చే ఫైబరు చాలాచోట్ల ఒకే తీగ. వీధిలో చీలి 32 ఇళ్ళకో 64 ఇళ్ళకో పంచబడుతుంది. సాయంత్రం ఏడునుంచి పదకొండుదాకా ఆ ఇళ్ళన్నిట్లోనూ సినిమాలూ సీరియళ్ళూ నడుస్తూంటాయి. కుళాయి దగ్గర అందరూ బిందెలు పెట్టేవేళ అది. అర్ధరాత్రి దాటితే కుళాయి మనదే.

రాత్రిని నమ్ముకోవడం మనకు కొత్తా? నేను చదువుకునే రోజుల్లో, అంటే 1990లలో, ఎస్టీడీ ఫోనుకు రాత్రి పదకొండు దాటితే పావు ఛార్జీ. హాస్టలు ఎదుట బూతుకు ఆవేళ తిరునాళ్ళలా జనం. మా నాన్నగారు నిద్ర ఆపుకుని ఫోను దగ్గర కూచునేవారు. ఆ తరువాత బీఎస్‌ఎన్‌ఎల్ బ్రాడ్‌బాండు వచ్చింది. వారి 500 రూపాయల పథకంలో పగలు వాడింది లెక్కకు వచ్చేది. రాత్రి 2నుంచి ఉదయం 8దాకా ఎంత వాడినా లెక్కలేదు. దేశమంతటా కుర్రవాళ్ళు రెండుగంటలకు అలారం పెట్టుకుని లేచి, డౌన్‌లోడ్ మొదలుపెట్టి, మళ్ళీ పడుకునేవారు. 2021లో కూడా వొడాఫోన్ ఐడియా వారు రాత్రి 12నుంచి 6దాకా లెక్కలేని డేటా ఇస్తామని పథకం పెట్టారు. ఇక చేలకు కరెంటు రాత్రివేళ ఇచ్చిన రోజుల్లో టార్చిలైటు పట్టుకుని మోటారు వెయ్యడానికి వెళ్ళిన మా మేనమామగారి సంగతి వేరే చెప్పాలా? ఆయన పాముల మధ్య నడిచి తోడుకున్నారు. వీడు దుప్పటి కప్పుకుని తోడుకుంటున్నాడు.

మన రాష్ట్రంలో ఫైబర్‌నెట్ తీగలు కరెంటు స్తంభాలమీదుగా లాగారు. 2017 డిసెంబరు 27న నాటి రాష్ట్రపతి రామ్‌నాథ్ కోవింద్ దాన్ని ప్రారంభించినప్పుడు నెలకు 149 రూపాయలనే మాట అందరి నోటా నానింది. దానికి ముందే, 2016 సెప్టెంబరులో జియో వచ్చి సెల్‌ఫోను డేటాను మంచినీళ్ళ ప్రాయం చేసింది. ఆ రెండిటి మధ్యనే పిల్లల అలారాలు మూగబోయాయి. ఇప్పుడు స్టీమ్ అనే ఆటలదుకాణంలో "ఇన్ని గంటలనుంచి ఇన్ని గంటలదాకా మాత్రమే తెచ్చుకో" అని చెప్పి వుంచితే చాలు, అదే లేస్తుంది, అదే చేస్తుంది. 2020 మార్చిలో, కరోనా కాలంలో ప్రపంచమంతా ఇళ్ళలో కూచుని నెట్టుమీద పడ్డప్పుడు, ఆ దుకాణంవాళ్ళే పెద్దగా ఆడని ఆటల కొత్త మార్పులను రద్దీలేని వేళలకు జరిపారు.

తెచ్చుకోవడంతో పని తీరదు. వచ్చేది గట్టిగా కుక్కి కట్టిన మూటలు. ఒక్కొక్క మూటా విప్పాలి, సరుకు సరిగా వున్నదా అని గుర్తుపట్టీ సరిచూసుకోవాలి, డిస్కులో ఎక్కడిదక్కడ సర్దాలి. దాన్నే ఇన్‌స్టాల్ అంటారు. పడుగు ఎక్కించనిదే నేత మొదలుకాదు కదా, అల్లాగే. మూట విప్పడానికి కంప్యూటరు బుర్ర వేడెక్కుతుంది, లోపలి ఫ్యాను గుయ్‌మంటుంది. అందుచేత లాప్‌టాపును పరుపుమీదా దిండుమీదా పెట్టి వదిలెయ్యకండి; గట్టి బల్లమీద, గాలాడేచోట పెట్టించండి. మూత వేస్తే అది కూడా నిద్రపోతుంది, పని ఆగిపోతుంది. మనం నిద్రపోవడానికి అది నిద్రపోకూడదనే షరతు ముందే దానికి చెప్పి వుంచాలి. తెర ఒక్కటీ ఆర్పెయ్యవచ్చు. 100 వాట్ల చొప్పున ఎనిమిది గంటలు నడిచినా ఒక యూనిట్ కరెంటు కాలదు, ఆ భయం అక్కర్లేదు. ఊరికే దొరుకుతాయి గదా అని దొంగకాపీలు మాత్రం తేనివ్వకండి. వాటిని మరీ గట్టిగా కుక్కుతారు గనుక తెచ్చుకోవడం కంటే విప్పుకోవడానికే ఎక్కువసేపు పడుతుంది. పైగా "మీ ఇంటి కాపలాకుక్కను కాసేపు కట్టెయ్యండి" అన్నట్టు వైరస్ కాపలాను ఆపమంటాయి.

మా స్టాఫ్‌రూములో ఆన్‌లైను ఆట అనగానే ఒకావిడ గుండెలు బాదుకున్నారు. ఆవిడ అనుకున్నది పేకాట. డబ్బు పందాల ఆటలను మన రాష్ట్రం 2020లోనే చట్టం సవరించి నిషేధించింది. 2025లో కేంద్రం దేశమంతటికీ చట్టం చేసింది. ఇది ఆ జాతి కాదు. కాని మితం తప్పితే ఇదీ జబ్బేనని ప్రపంచ ఆరోగ్య సంస్థ తన జబ్బుల పట్టికలోకి ఎక్కించిన మాట నిజం. పదమూడునుంచి పద్ధెనిమిదేళ్ళ పిల్లలకు ఎనిమిదినుంచి పదిగంటల నిద్ర కావాలని డాక్టర్లంటున్నారు. నా మటుకు నాకు ఆట రాత్రంతా మేలుకుని పిల్లవాడు నిద్రపోతే అభ్యంతరం లేదు. అటుదిటయితేనే నేను అమ్మనవుతాను.

ఈ ఆటమీద వాడికి అంత పట్టు ఎందుకో నాకు తెలియడానికి మరికొన్నాళ్ళు పట్టింది. మా బావగారి అబ్బాయి, అంటే వీడి అన్నయ్య, ఆ యేడు ఆగస్టులోనే ఎం.ఎస్. చదవడానికి డాలస్ వెళ్ళాడు. పేరాలలో ఈ ఇంట్లోనే, ఈ గదిలోనే ఇద్దరూ పెరిగారు. ఒకే మంచం, ఒకే సైకిలు. మనకు ఆదివారం ఉదయం ఏడయితే, అక్కడ ఎండాకాలంలో శనివారం రాత్రి ఎనిమిదిన్నర. ఆవేళ ఇద్దరూ చెరొక కారు వేసుకుని మెక్సికో రోడ్లమీద తిరుగుతూ కబుర్లు చెప్పుకుంటారు. ఫోనులో "తిన్నావా, పడుకున్నావా" దాటి మాట సాగని మగపిల్లలు అక్కడ గంటన్నర మాట్లాడుకుంటారు! ఆటకు కొత్త మార్పు వస్తే ఇద్దరి దగ్గరా అది వుండాలి. ఒకడిది పాతదీ ఇంకొకడిది కొత్తదీ అయితే కలిసి ఆడటం కుదరదు. అందుకని శనివారం రాత్రి తోడు పెట్టవలసిందే.

డిసెంబరు 5న మిచౌంగ్ తుపాను బాపట్ల దగ్గర తీరం దాటింది. ముందురోజు రాత్రి కాలేజీలకు సెలవు కదా అని మావాడు ఆటకు మార్పు పెట్టి పడుకున్నాడు. తెల్లవారకముందే కరెంటు పోయింది. తరువాతి కథ చీరాలవాళ్ళకు నేను చెప్పాలా? గాలి రంకెలు, పక్కింటివాళ్ళ వేపచెట్టు గోడమీద, పెరట్లో మోకాటిలోతు నీళ్ళు. ఇన్వర్టరు ఒక పూట మోసింది. ఆరోతేదీ మధ్యాహ్నానికి ఇంట్లో ఫోన్లన్నీ చచ్చిపోయాయి. టీవీ వార్తల్లో చీరాల పేరు వినపడగానే అక్కడ పిల్లవాడికి ఎలా వుంటుందో తలుచుకుని మా తోడికోడలు అన్నం ముట్టలేదు.

ఆ రాత్రి మూడుగంటలకు కరెంటు వచ్చిందట. అందరం అలిసిపోయి పడివున్నాం, ఎవరికీ తెలియదు. మావాడు కరెంటు రాగానే తనంతట లేచేలా కంప్యూటరుకు ముందే చెప్పి వుంచాడు. అది లేచింది. ఆగినచోటునుంచే, సరిచూసిన మూటలను మళ్ళీ తేకుండా, మిగిలినవే తోడుకోవడం మొదలుపెట్టింది. డాలస్‌లో అప్పుడు ముందురోజు మధ్యాహ్నం మూడున్నర. క్లాసులో లాప్‌టాపు ముందు పెట్టుకుని కూచున్న పెద్దవాడికి, రెండురోజులుగా బూడిదరంగులో వున్న తమ్ముడి పేరు నీలంగా వెలగడం కనిపించింది. కరెంటు వచ్చింది, తీగలు తెగలేదు, గదిలోకి నీళ్ళు రాలేదు. ఆ పేరు చూస్తూ క్లాసు పూర్తయ్యేదాకా కూచున్నానని తరువాత చెప్పాడు. మేం ఫోన్లు ఛార్జింగులో పెట్టుకుని లేచేసరికి ఆరయింది. ముందు మోగింది బావగారి ఫోను.

"నాయనమ్మ ఎలా వుంది?" అన్నాడట మొదటిమాటే.

అప్పటినుంచీ మా అత్తయ్యగారు ఆదివారం ఉదయం కాఫీగ్లాసుతో సహా ఆ గదిలో కుర్చీ వేసుకుంటున్నారు. స్పీకరు పెట్టమంటారు. పెద్దవాడిది ఎర్రకారని ఆవిడకు తెలుసు. అది వెనకబడితే చిన్నవాణ్ణి కోప్పడతారు. మొన్న శనివారం రాత్రి దీపాలార్పుతూంటే మంచంమీదనుంచి కేకేశారు.

"అమ్మాయ్, పాలు తోడు పెట్టావా?"

"పెట్టాను, అత్తయ్యా."

"మరి వాడు?"