రైలు వద్దని కోర్టుకెక్కిన యూనివర్సిటీ
నేడు దాని గడపలోనే మూడు స్టేషన్లు

తమ ఊళ్లో రైలు ఆగాలని అర్జీలు పెట్టేవారు ప్రతి మండలంలోనూ ఉంటారు. వచ్చే రైలు ఈ దారిన వద్దంటూ కోర్టుకెక్కిన విశ్వవిద్యాలయం మాత్రం అమెరికాలో ఉంది. మినెసోటా విశ్వవిద్యాలయం 2009లో ఆ పని చేసింది. అయిదేళ్లు తిరిగేసరికి అదే దారిన రైలు నడిచింది. అయినా అక్కడ ఎవరూ ఓడిపోలేదు. ఇరుపక్షాలూ ఎలా దారికి వచ్చాయన్నదే ఇందులో తెలుసుకోదగ్గ సంగతి.

జంటనగరాల రైలు

మనకు హైదరాబాదు, సికిందరాబాదు ఎలాగో మినెసోటా రాష్ట్రంలో మినియాపొలిస్, సెయింట్ పాల్ అలా జంటనగరాలు. వాటిమధ్య మిసిసిపీ నది పారుతోంది. 1851లో ఏర్పడిన విశ్వవిద్యాలయం మినియాపొలిస్‌లో ఆ నదికి రెండు గట్లమీదా విస్తరించింది. సుమారు 50 వేలమంది చదువుకునే చోటు అది. ఒక క్లాసు తూర్పుగట్టున, మరో క్లాసు పడమటిగట్టున ఉంటే విద్యార్థి నది దాటి పరుగెత్తాలి. చలికాలంలో అక్కడ వేడిమి సున్నాకు 20 డిగ్రీలు దిగువకు పడిపోవడం మామూలే.

ఒకప్పుడు ఈ నగరాల్లో ట్రాములు ఉండేవి. 1954లో వాటిని పూర్తిగా ఎత్తివేసి బస్సులు పెట్టారు. యాభై ఏళ్ల తర్వాత పట్టాలు మళ్లీ వచ్చాయి. ఈసారి వచ్చింది లైట్ రైల్. ఇది మన పాసింజరు రైలువంటిది కాదు. రెండు మూడు పెట్టెలే ఉంటాయి. పైన కరెంటు తీగ, కింద రోడ్డు మధ్యనే పట్టాలు. బస్సులా ప్రతి సెంటర్‌లోనూ ఆగుతూ పోతుంది.

ల్యాబులకు గండం

రెండు నగరాలనూ కలిపే ఈ మార్గాన్ని యూనివర్సిటీ నడిబొడ్డునున్న వాషింగ్టన్ అవెన్యూ మీదుగా వేయాలని నిర్ణయించారు. మొదట అక్కడ సొరంగం తవ్వాలనుకున్నారు. ఖర్చు భరించలేక 2008లో ఆ ఆలోచన మానుకున్నారు. రైలు నేలమీదనే వస్తుందని తేలడంతో యూనివర్సిటీ పెద్దలకు గుబులు పట్టుకుంది. ఉత్తరంగా చుట్టు తిప్పి తీసుకుపొమ్మని వారు చెప్పిన దారిని రైలు నిర్మాణం చేపట్టిన మెట్రోపాలిటన్ కౌన్సిల్ ఒప్పుకోలేదు.

గుబులుకు కారణం లేకపోలేదు. ఆ రోడ్డు పక్కనే పరిశోధన ల్యాబులున్నాయి. అణువుల అమరికను పసిగట్టే యంత్రాలు వాటిలో ఉంటాయి. నేల రవ్వంత అదిరినా వాటి లెక్క తప్పుతుంది. పైగా రైలు కరెంటు తీగనుంచి దిగి పట్టాలగుండా తిరిగి వెళుతుంది. రైలు కదిలినప్పుడల్లా చుట్టూ అయస్కాంత ప్రభావం మారుతుంది. పెద్ద అయస్కాంతాలతో పనిచేసే యంత్రాలకు అది చెరుపు. యూనివర్సిటీ ఆస్పత్రికి అంబులెన్సులు ఎలా చేరాలన్నది మరో చిక్కు.

2009లో కేసు పడింది. 2010లో రాజీ కుదిరింది. అదురు ఎంతవరకు ఉండవచ్చో, అయస్కాంత ప్రభావం ఎంతకు మించరాదో హద్దులు గీసి ఒప్పందంలో రాసుకున్నారు. ఆ హద్దు దాటకుండా చూసే బాధ్యత రైలువారిమీద పడింది. ‘చూద్దాంలే’ అన్న నోటిమాటతో సరిపెట్టుకోకపోవడం ఇక్కడి విశేషం.

కార్లు పోయి రైలు వచ్చె

2011లో క్యాంపస్ మధ్య ఆ రోడ్డుమీద కార్లను ఆపివేశారు. ఇప్పుడు అక్కడ రైళ్లు, బస్సులు, అత్యవసర వాహనాలు తిరుగుతాయి. మిగిలిన చోటు నడిచేవారిది.

నదిమీది వంతెన మరో పరీక్ష పెట్టింది. 1965లో తెరిచిన ఆ వంతెనకు రెండు అంతస్తులు. పై అంతస్తు నడిచేవారికీ సైకిళ్లకూ, కిందిది వాహనాలకూ. అది రైలు బరువును మోసేందుకు కట్టినది కాదు. అదే నగరంలో, అదే నదిమీద 2007 ఆగస్టు 1న మరో వంతెన కూలి 13 మంది చనిపోయిన గాయం ఇంకా పచ్చిగానే ఉంది. అందుకే ఉక్కు జోడించి వంతెనను గట్టిపరిచాకే కింది అంతస్తు నడిమిన పట్టాలు పరిచారు. కార్లకు అంచులు మిగిలాయి.

2014 జూన్ 14న గ్రీన్ లైన్ పేరుతో రైలు మొదలైంది. 11 మైళ్ల ఈ మార్గానికి 95 కోట్ల 70 లక్షల డాలర్లు ఖర్చయింది. అందులో సగం కేంద్ర ప్రభుత్వం ఇచ్చింది.

క్యాంపస్‌కు వచ్చిన స్టేషన్లు మూడు. పడమటిగట్టున వెస్ట్ బ్యాంక్ స్టేషన్ పల్లంలో ఉంది. మెట్లమీదనో లిఫ్టులోనో దిగాలి. లా కాలేజీ, పెద్ద లైబ్రరీ అటువైపే. తూర్పుగట్టున ఈస్ట్ బ్యాంక్ స్టేషన్‌లో దిగితే ఆస్పత్రి, విద్యార్థుల భవనం దగ్గర. మూడోది స్టేడియం విలేజ్. ఆటలనాడు స్టేడియానికి వచ్చే జనం అక్కడ దిగుతారు. 2022 నుంచి విద్యార్థులు కట్టే ఫీజులోనే బస్సు, రైలు పాసు కలిసి ఉంది.

పేటలకూ దక్కిన న్యాయం

యూనివర్సిటీకి లాయర్లున్నారు, పలుకుబడి ఉంది. సెయింట్ పాల్ వైపు బీదజనం ఉండే పేటలకు అవి లేవు. మొదటి ప్లానులో వెస్టర్న్, విక్టోరియా, హామ్లిన్ అనే మూడుచోట్ల స్టేషన్లు లేవు. రైలు తమ ముంగిటనుంచే పోతూ ఆగకపోవడమేమిటని నల్లజాతివారు, ఆసియానుంచి వచ్చి స్థిరపడినవారు ఇతరులతో కలిసి సంఘంగా ఏర్పడి ఆందోళన చేశారు. ఖర్చు లెక్కగట్టే కేంద్ర నిబంధన 2010లో సడలింది. మూడు స్టేషన్లూ మంజూరయ్యాయి.

యూనివర్సిటీ అయినా, పేటలవారైనా చేసింది ఒకటే. పట్టాలు పడకముందే తమ ఇబ్బంది ఏమిటో లెక్కతో సహా చెప్పారు. కాలువైనా, బైపాస్ రోడ్డయినా, రైలు మార్గమైనా సర్వే రాళ్లు పాతిన రోజునే అడగవలసింది అడగాలి. అడిగినదాన్ని కాగితంమీద పెట్టించుకోవాలి. కట్ట వేశాక తూము ఎక్కడని అడిగితే వినేవారుండరు.