స్వప్నవిద్య: దీక్ష, శిక్షణ, హద్దు

ఇతరుల కలలలో ప్రవేశించి వానిని ఇచ్చవచ్చినట్లు మార్చగల నేర్పరులు, వారికొక రహస్య శ్రేణి, అందు చేరగోరు శిష్యులకు పరీక్షలు, ప్రమాణములు: ఇట్టి కల్పన అద్భుతకథలలో తరచుగా కనిపించుచుండును. అట్టి శ్రేణి లోకమున ఎక్కడను లేదు. అయినను కలను ఎరుకతో పట్టుట, మార్చుట అను విద్య కలదు. దానిని నేర్పిన గురువులును, నేర్చిన శిష్యులును కలరు. ఆ విద్య ఎట్లు అలవడునో తెలిసిన రచయిత కల్పనకు బలము చేకూరును. అంతకంటె ముఖ్యముగా, ఒకరి కలపై అధికారమెవరిది అను ప్రశ్న అతనికి ఎదురగును.

వృత్తిశ్రేణులును, వానిలో శిష్యరికమును మనకు క్రొత్తవి కావు. శిల్పము నేర్వగోరువాడు బంధువుల అనుమతి గొని, గడువు నిర్ణయించుకొని, ఆచార్యుని ఇంట అంతేవాసిగా ఉండవలెనని నారదస్మృతి చెప్పుచున్నది. ఆచార్యుడు తన యింటనే అన్నము పెట్టి, కొడుకువలె చూచి నేర్పవలెను. వానిచేత వేరు పనులు చేయింపరాదు. విద్య ముందుగానే పట్టుబడినను శిష్యుడు గడువు తీరువరకు అచ్చటనే నిలువవలెను. ఈ నియమములలో ఇరువురికిని కట్టడి కలదు. స్వప్నవిద్యకును కట్టడియే ప్రాణము.

ఆ విద్యలో మొదటి మెట్టు కలను జ్ఞాపకముంచుకొనుట. దీనికి నిదర్శనము పుదుచ్చేరిలో దొరకును. 1926లో రూపొందిన శ్రీ అరవిందాశ్రమమును నడపిన శ్రీమాత, అనగా మిర్రా అల్ఫాసా, అంతకు పూర్వము 1906, 1907 సంవత్సరములలో అల్జీరియాలోని త్లెమ్సెన్‌కు పోయి మాక్స్ తియోన్ దంపతుల వద్ద అంతర్విద్య నభ్యసించిరి. 1912 నాటికే కలలను గూర్చి ప్రసంగించిరి. వారు బోధించిన పద్ధతి మిక్కిలి సరళము. మెలకువ రాగానే కదలరాదు. మనస్సున మిగిలిన కల కొసను మెల్లగా పట్టుకొని వెనుకకు పోవలెను. ఒక్క కుదుపుతో ఆ దారము తెగిపోవును. ఇందు ఆర్భాటమైన దీక్షావిధి లేదు. ప్రతి ఉదయమును ఒక పరీక్షయే.

రెండవ మెట్టు కలలో నుండగనే అది కలయని గుర్తించుట. 11వ శతాబ్దికి చెందిన నారోపా బోధలు శిష్యుడగు మార్పా ద్వారా టిబెట్టు చేరినవి. ఆరు యోగములుగా ప్రసిద్ధికెక్కిన వానిలో స్వప్నయోగ మొకటి. ఇచ్చట దీక్ష తప్పదు. గురువు అభిషేకమిచ్చిన పిమ్మటనే ఉపదేశము. శిష్యుడు పగలెల్ల చూచునది కూడ కలయే యని భావించుచుండును; పండుకొనునపుడు కలను గుర్తింతునని సంకల్పించును. గుర్తించిన పిదప చిన్నదానిని పెద్దది చేయును, ఒకదానిని పెక్కులుగా మార్చును, కలలోని మంటలో నిర్భయముగా అడుగిడును. తన్ను భయపెట్టినది తన మనస్సు కల్పించినదే యని తెలియుట ఈ మార్పుల ప్రయోజనము.

ఇది కేవలము విశ్వాసము కాదని ప్రయోగశాలయు చూపినది. కలలు దట్టముగా వచ్చు నిద్రాదశలో కాలుసేతులు స్తంభించియుండును. కనులు మాత్రము కదలును. ముందుగా అనుకొన్న రీతిని నిద్రితుడు కనులను కుడియెడమలకు త్రిప్పి కలలోనుండి సంజ్ఞ చేయుటను 1975లో ఇంగ్లండులోని హల్ విశ్వవిద్యాలయమున కీత్ హెర్న్ యంత్రముపై నమోదు చేసెను. పిదప అమెరికాలోని స్టాన్‌ఫర్డులో స్టీఫెన్ లబెర్జ్ దానిని మరల నిరూపించెను.

మూడవ మెట్టు మార్చుట. దీనిని అర్థము చేసికొనుటకు ఆశ్రమమున్న సముద్రతీరమును విడిచి, తిండివనము దారిలోని గోరిమేడుకు పోవుదము. తెలుగు చెవికి ఆ పేరు గోరీని స్ఫురింపజేయును. కాని అచ్చట నిలిచియున్నది ప్రాణములు నిలుపు జిప్మెర్ వైద్యసంస్థ. 1964లో దానిని ప్రారంభించినవారు నాటి రాష్ట్రపతి సర్వేపల్లి రాధాకృష్ణన్. ఆయన ప్రధానోపనిషత్తులకు వ్యాఖ్య వ్రాసినవారు. వానిలో ఒకటియగు బృహదారణ్యకము, కలలో కానవచ్చు రథములును దారులును నిజముగా లేవనియు, నిద్రించు పురుషుడే వానిని సృజించుననియు చెప్పును. కలకు కర్త కలగన్నవాడే.

అట్టి వైద్యసంస్థలలో బోధింపబడు మానసిక వైద్యశాస్త్రమును, పీడకలల విషయమున, ఈ భావమునకే చేరువైనది. మాటిమాటికి వచ్చు పీడకలను రోగి పగటివేళ వ్రాయును. దాని కథను తనకు నచ్చినట్లు మార్చును. మార్చిన కథను దినదినము కొన్ని నిమిషములు మనస్సున చూచుకొనును. అత్యాచారమునకు గురియైన స్త్రీలకు ఈ అభ్యాసమువలన పీడకలలు తగ్గినవని బారీ క్రాకో బృందము 2001లో ప్రకటించినది. ఇందు వైద్యుడు కలలోనికి చొరబడడు. కలము బాధితురాలి చేతికిచ్చి, ప్రక్కన కూర్చుండును.

ఈ హద్దు దాటినచో ఏమగునో మన సాహిత్యము ఏనాడో చూపినది. పోతన భాగవతములోని ఉష కలలో నొక పురుషుని చూచి కలతపడగా, చెలికత్తె చిత్రరేఖ పలువురి చిత్తరువులు వ్రాసి చూపి, అతడు అనిరుద్ధుడని గుర్తింపజేసినది. అంతవరకు ఆమె చేసినది సేవ. పిదప నిదురించుచున్న అనిరుద్ధుని, అతని అనుమతి లేకయే, యోగశక్తితో ద్వారకనుండి శోణపురమునకు తెచ్చినది. దాని పర్యవసానము నాగపాశము, హరిహరుల యుద్ధము, బాణుని బాహుఖండనము. ఒకరి కలను తీర్చుటకు మరియొకరి నిద్రను దోచినందున కలిగిన ఫలమిది.

కావున స్వప్నశ్రేణిని కల్పించు రచయిత మంత్రదండములను వెదుకనక్కరలేదు. శిష్యుని ఏడాదిపాటు ప్రతి ఉదయము కదలక పడియుండనిండు. తన భయములో తానే నడువనిండు. పిలువనిదే ఏ కలలోను అడుగిడనని ప్రమాణము చేయనిండు. కడపటి పరీక్ష రాత్రివేళ జరుగవలెను: శత్రువు నిద్రించుచుండును, అతని కల వాకిలి తెరచియుండును, గురువు కనుచూపుమేర లేడు. శిష్యుడు గడప వద్ద కొంతసేపు నిలిచి, వెనుకకు మరలును. ఆ ఒక్క ఘట్టమును నమ్మించి వ్రాయగలిగినచో, ఆ శ్రేణి చరిత్రనంతయు పాఠకుడు తనంతట ఊహించుకొనును.