రబ్బరు చేపలకు పళ్లు మొలిపించిన కత్తెర

కృష్ణానగర్‌లో నా దగ్గర ఎడిటింగ్ నేర్చుకోవడానికి వచ్చే కుర్రాళ్లకు మొదట ‘పిరాన్హా’ చూపిస్తాను. అమెరికాలో 1978లో జో డాంటే తీసిన సినిమా. ‘జాస్’ ఆడిన ఊపులో, దాని ఖర్చులో పదోవంతు కూడా పెట్టకుండా తీశారు. మనుషుల్ని పీక్కుతినే చేపల గుంపు కథ. ఆ చేపలు రబ్బరు బొమ్మలు. వాటిని పుల్లలకు గుచ్చి నీళ్లలో ఆడించారు. తెర మీద రెండు సెకన్లు నిలిపితే చాలు, చిన్నపిల్లలు కూడా బొమ్మని పట్టేస్తారు.

అందుకే నిలపలేదు. సెకనుకు 24 ఫ్రేములు కదా, చేప దూసుకొచ్చే ముక్కకు అందులో కొన్నే ఇచ్చారు. వెంటనే ఒక కాలు, నురగ, ఎర్రబడ్డ నీళ్లు, అరుస్తున్న ముఖం. చేపను సరిగా చూసే వ్యవధి ప్రేక్షకుడికి ఉండదు. కరిచిందని మాత్రం ఒళ్లు నమ్మేస్తుంది.

ఈ కూర్పు మార్క్ గోల్డ్‌బ్లాట్‌ది, డాంటేది. నిర్మించింది రోజర్ కోర్మన్ 1970లో పెట్టిన న్యూ వరల్డ్ సంస్థ. డాంటే అక్కడ ట్రైలర్లు కట్ చేస్తూ పైకొచ్చాడు. ట్రైలర్ చప్పగా ఉంటే హెలికాప్టర్ పేలే షాటు ఒకటి అతికించేవాళ్లు, ఆ సినిమాలో హెలికాప్టర్ లేకపోయినా సరే! 1976లో అలన్ ఆర్కుష్‌తో కలిసి 10 రోజుల్లో ‘హాలీవుడ్ బూలెవార్డ్’ తీసేశాడు. భారీ సన్నివేశాలన్నీ సంస్థ పాత సినిమాల్లోంచి తెచ్చుకున్నవే. దాని ఎడిటర్లలో ఒకరైన ఎమీ జోన్స్, తర్వాత స్పీల్‌బర్గ్ ‘ఇ.టి.’కి ఎడిటింగ్ చేసే అవకాశాన్ని వదులుకుని, కోర్మన్ దగ్గరే చిన్న హారర్ సినిమాకి దర్శకురాలైంది. ఆ తెగువంటే నాకు చాలా గౌరవం.

గోల్డ్‌బ్లాట్ ఎక్కువగా ఎడిటింగ్ బల్ల దగ్గరే ఉండిపోయాడు. 1981లో ‘ద హౌలింగ్’, 1984లో 64 లక్షల డాలర్ల ‘టెర్మినేటర్’. దాని చివర ఫ్యాక్టరీలో వెంటాడే ఇనప అస్థిపంజరాన్ని గమనించండి. దగ్గరి షాట్లలో నడుము పై భాగం వరకే ఉన్న బొమ్మ. నిలువెత్తున నడిచే షాట్లలో ఫ్రేము ఫ్రేముకీ చేత్తో కదిపి తీసిన చిన్న నమూనా. రెండింటి నడకా వేరు. నడుమ హీరోయిన్ ముఖం, ఆమె పాకే నేల, పొగ పడేసరికి రెండూ ఒకే యంత్రమైపోయాయి. రబ్బరు చేపల దగ్గర ఆరితేరిన చెయ్యి అది. ‘టెర్మినేటర్ 2’ (1991) బడ్జెట్ దాదాపు 10 కోట్ల డాలర్లు. దానికి మరో ఇద్దరు ఎడిటర్లతో కలిసి ఆస్కార్ నామినేషన్ అందుకున్నాడు.

ఆ కాలు, నురగ, ముఖం ముందే తీసి పెట్టుకోకపోతే ఏ ఎడిటరూ చేప చేత కరిపించలేడు. కోర్మన్ దగ్గర కట్ చేసే మనిషే సెట్ మీదా ఉండేవాడు కాబట్టి, ఏ ముక్క కావాలో షూటింగ్ నాడే తెలిసేది. మన దగ్గర చిన్న సినిమాల్లో ఎడిటర్‌ని గుమ్మడికాయ కొట్టాక పిలుస్తారు. అప్పటికి సెట్ విప్పేసి ఉంటారు, నటుల డేట్లు అయిపోయి ఉంటాయి. దయ్యం సినిమా తీయబోతున్న నిర్మాతలు స్క్రిప్టు దశలోనే ఎడిటర్‌తో ఒక్క పూట కూర్చోండి. పది చిన్న షాట్ల జాబితా రాసిస్తాడు. వాటిని తీయడానికి సగం రోజు చాలు.