రెండు పతాకముల క్రీడాకారుఁడు

కత్తిసాము, ఈత, గుఱ్ఱపుస్వారి, గుఱి కాల్చుట, పరుగు: 2024 వఱకు ఈ యైదింటి కూటమియే ఆధునిక పెంటాథ్లాన్‌గా నుండెను. కైరోలోఁ బుట్టిన ఆమ్రో ఎల్ గెజీరీ 2008, 2012, 2016 ఒలింపిక్సులలో ఈజిప్టు పక్షమునఁ బోటీచేసెను. ఈతలో నితఁడు మేటి. పిమ్మట అమెరికా సైన్యమునఁ జేరి, 2021లో జరిగిన టోక్యో క్రీడలలో అమెరికా పతాకము క్రింద నిలిచెను.

ఇట్లు జట్టు మార్చుట తలఁచినంతనే యగునది గాదు. ఒలింపిక్ నిబంధనము చొప్పునఁ బూర్వదేశము తరఫునఁ గడపటిసారి పోటీచేసిన పిమ్మట మూఁడేండ్లు గడవవలెను. సంబంధించిన సంఘములు సమ్మతించినచో నీ గడువు తగ్గవచ్చును. ఆటగానికి మూఁడేండ్లు స్వల్పము గావు. టోక్యోనాఁటికి ఎల్ గెజీరీకి 34 ఏండ్లు.

ఇది దేశద్రోహమా? కాదని మా తలంపు. నాఁటి పోటీలలో, చీటివలన వచ్చిన యెఱుఁగని గుఱ్ఱమును ఇరువది నిమిషములలో మచ్చిక చేసికొనవలసి యుండెను. క్రొత్తదేశపు మన్ననయు నట్లే శ్రమచేతనే లభించును. విద్య నేర్పిన నేలను మఱవనంతకాలము, మఱియొక నేలను సేవించుట ద్రోహము గాదు.