చెరువులో జిల, పశువు ముక్కులో గురక

నారుమడిలోంచి గెనిమ ఎక్కిన కాసేపటికే పిక్కలు చురచురమంటాయి. తెల్లారేసరికి మోకాలి కిందంతా ఎర్రటి పొక్కులు లేస్తాయి. గోకేకొద్దీ జిల పెరుగుతుంది. యూరియా పడలేదని ఒకరు, పురుగుమందు నీళ్లలో కలిసిందని ఒకరు, గడ్డి కోసుకుందని ఇంకొకరు ఇంట్లో తలా ఒక మాట అంటారు. ఒక్కోసారి ఆ మాటలు నిజమే కావచ్చు. కానీ ఆ కయ్యకు పారే నీళ్లు చెరువువైతే, ఆ చెరువులో రోజూ పశువులు దిగుతుంటే, ఒడ్డున నాచులో నత్తలు కనబడుతుంటే అనుమానించాల్సింది ఇంకొకటుంది. పశువును వెతుక్కుంటూ బయల్దేరి, దారి తప్పి మనిషి చర్మంలో దూరే పురుగు పిల్ల అది.

వైద్యులు ఈ జబ్బును సర్కేరియల్ డెర్మటైటిస్ అంటారు. అమెరికాలో, ఐరోపాలో సరస్సుల్లో ఈదేవాళ్లకు వస్తుంది గనుక అక్కడి జనం దాన్ని స్విమ్మర్స్ ఇచ్ అని పిలుచుకుంటారు. మన దగ్గర దీని బారిన పడేది సరదాకు ఈతకొట్టేవాళ్ల కన్నా పని కోసం నీళ్లలో దిగేవాళ్లే ఎక్కువ. నాట్లు వేసే ఆడకూలీలు, వల వేసేవాళ్లు, చెరువు రేవులో బట్టలుతికేవాళ్లు, బర్రెలు కడిగే పిల్లలు. పూట గడవాలంటే నీళ్లలో దిగక తప్పనివాళ్లు.

రక్తనాళాల్లో కాపురముండే షిస్టోసోమా అనే పురుగుల పని ఇది. మన దేశపు పశువుల్లో ఇవి ముఖ్యంగా మూడు రకాలు. షిస్టోసోమా స్పిండేల్, షిస్టోసోమా ఇండికం అనేవి పేగుల దగ్గరి సిరల్లో ఉంటాయి. ఈ రెండింటినీ 1906లో మాంట్‌గొమరీ అనే శాస్త్రవేత్త గుర్తించి వర్ణించాడు. మూడోది షిస్టోసోమా నేసేల్. ముక్కులోని సిరల్లో ఉంటుంది. మొదటి రెండింటి గుడ్లు పేడతో, మూడోదాని గుడ్లు చీమిడితో బయటపడతాయి. ఎలా పడ్డా వాటికి నీళ్లు తగలాలి. నీళ్లలో గుడ్డు పగిలి పిల్ల ఈదుతుంది. దాని ఆయుష్షు ఒక రోజుకు మించదు. ఆలోపు నత్త దొరక్కపోతే అంతటితో దాని కథ ముగిసినట్టే.

ఆ నత్తను చెరువు ఎరిగినవాళ్లంతా చూసే ఉంటారు. పేరు ఇండోప్లానార్బిస్ ఎక్సస్టస్. ముదురు గోధుమ రంగులో, జంతిక చుట్టలా బల్లపరుపుగా ఉంటుంది. పెద్దదైతే అంగుళం దాకా వెడల్పు. దీని ఒంట్లో హీమోగ్లోబిన్ ఉంది. అందుకే చిదిమితే ఎర్రటి ద్రవం వస్తుంది. ఆడా మగా రెండూ తానే కాబట్టి ఒక్క నత్త మిగిలినా చెరువంతా మళ్లీ నిండుతుంది. చిత్తూరు, తిరుపతి ప్రాంతాలకు సంబంధించి మరీ ముఖ్యమైన సంగతి ఒకటుంది. ఎండాకాలం చెరువు నెర్రెలు విచ్చినా ఇది చావదు. బురదలో కూరుకుని, పైన గట్టిపడిన మట్టి కింద నిద్రపోతుంది. వానలకు చెరువు నిండగానే లేస్తుంది. కరువు మన చెరువుల్లో చేపలను చంపుతుంది గానీ ఈ నత్తను తుడిచిపెట్టదు.

నత్తలో చేరిన ఒక్క పిల్ల వేల పిల్లలవుతుంది. పశువైద్య విద్యార్థులు దీన్ని సులువుగా చూస్తారు. చెరువు నుంచి తెచ్చిన నత్తను గాజు గ్లాసులో మంచినీళ్లలో వేసి వెలుతురులో పెడతారు. లోపల పురుగుంటే కొద్ది గంటల్లో నీళ్లలో సన్నటి నలుసులు ఆడుతుంటాయి. ఒక్కోటి మిల్లీమీటరుకు లోపే. సూక్ష్మదర్శిని కింద పెడితే తోక చివర రెండుగా చీలి కనిపిస్తుంది. ఇవే సర్కేరియాలు. వీటికీ ఒకటి రెండు రోజులే గడువు. తగిలిన చర్మం ఆవుదా, బర్రెదా, మనిషిదా అని చూసుకునే తీరిక వాటికి లేదు. తోక వదిలేసి లోపలికి దూరిపోతాయి.

ఆవులో దూరితే రక్తంలోకి చేరి పెరుగుతాయి. మనిషిలో దూరితే చర్మం దాటలేవు, అక్కడే చచ్చిపోతాయి. వాటి మీద శరీరం చేసే పోరాటమే ఆ దద్దుర్లు, ఆ జిల. మొదటిసారి తగిలినప్పుడు చాలామందికి పెద్దగా తెలియదు. శరీరం శత్రువును గుర్తుపెట్టుకుంటుంది. రెండోసారి, మూడోసారి తగిలితే తొందరగానూ తీవ్రంగానూ తిరగబడుతుంది. ఏటా నాట్లు వేసే చేతులకు ఏటికేడు జిల ఎక్కువ కావడానికి కారణం ఇదే. పక్కనే పనిచేసిన కొత్త కూలీకి ఏమీ కాకపోవడానికి కారణమూ ఇదే.

దక్షిణ భారతంలో ఈ పురుగుల చరిత్ర మనకు దగ్గరిదే. ముక్కులో ఉండే రకాన్ని 1933లో ఎం.ఎ.ఎన్. రావు వర్ణించారు. మద్రాసు ప్రెసిడెన్సీ పశువుల మీద చేసిన అధ్యయనం అది. 1911లో ఏర్పడిన చిత్తూరు జిల్లా అప్పటికి ఆ ప్రెసిడెన్సీలోదే. ఈ పురుగు సోకిన ఆవుకు ముక్కు లోపల కండ పెరుగుతుంది. గాలి ఆడక గురక పెడుతుంది. చీమిడి కారుతుంది, ఒక్కోసారి దాంట్లో రక్తపు చార ఉంటుంది. మేత తగ్గి చిక్కిపోతుంది. బర్రెల్లో పురుగు ఉన్నా గురక అంతగా బయటపడదు. చూడటానికి ఆరోగ్యంగా ఉన్న బర్రె కూడా చెరువులో గుడ్లు వదులుతూ ఉండొచ్చన్నమాట.

పశువుకు గురక ఎందుకొస్తుందో పశువైద్యులకు ఇన్ని దశాబ్దాలుగా తెలుసు. మనుషుల జిల మీద మాత్రం మన దేశంలో పరిశోధన ఆలస్యమైంది. అస్సాంలో పొలం పనివాళ్లకు వచ్చే చర్మరోగానికి షిస్టోసోమా స్పిండేల్ కారణమని 1998లో ప్రచురించారు. మధ్య భారతంలోని గిరిజన గ్రామాల్లో ఇది పెరుగుతున్న సమస్య అని 2007లో మరో అధ్యయనం చెప్పింది. చిత్తూరు పల్లెల్లోనూ అవే పశువులు, అదే నత్త, అదే మోకాలి లోతు నీళ్లు. ఆసుపత్రి చీటీలో మాత్రం ‘అలర్జీ’ అని రాసి ఊరుకుంటారు.

లోటు ఇక్కడే ఉంది. పశువుల ఆసుపత్రి పుస్తకంలో గురక ఎక్కుతుంది, ప్రాథమిక ఆరోగ్య కేంద్రం పుస్తకంలో దురద ఎక్కుతుంది. రెంటికీ మూలమైన చెరువు పేరు ఏ పుస్తకంలోనూ ఉండదు. తిరుపతిలో 1955 నుంచి పశువైద్య కళాశాల ఉంది, 1960 నుంచి ఎస్వీ వైద్య కళాశాల ఉంది. 2005లో పశువైద్య విశ్వవిద్యాలయమూ వచ్చింది. ఒకే ఊళ్లో ఉన్న ఈ రెండు విద్యలూ ఒక్క పొద్దు కలిసి దగ్గర్లోని రాయలచెరువు కట్ట మీద నడిచి, నత్తలు ఏరి, కూలీల కాళ్లు చూసి, ఆవుల ముక్కులు చూస్తే తేలే సంగతులు ఎన్నో ఉన్నాయి. అందుకు ఖరీదైన యంత్రాలేమీ అక్కర్లేదు.

పక్షుల్లోనూ ఇలాంటి పురుగులున్నాయి. 1928లో అమెరికాలోని మిషిగన్ రాష్ట్రంలో, డగ్లస్ సరస్సు ఒడ్డున పనిచేసిన విలియం కోర్ట్, ఈతగాళ్ల దురదకు నత్తల నుంచి వచ్చే సర్కేరియాలే కారణమని ప్రకటించాడు. అక్కడ పురుగును మోసేవి నీటిపక్షులు, ముఖ్యంగా బాతులు. డెట్రాయిట్ చుట్టుపక్కల స్థిరపడి, వేసవిలో పిల్లల్ని సరస్సులకు తీసుకెళ్లే తెలుగు కుటుంబాలకూ ఈ జాగ్రత్త అవసరమే. మన దగ్గరా, 2022 నుంచి తిరుపతి జిల్లాలో భాగమైన నేలపట్టు పక్షుల అభయారణ్యంలో చలికాలంలో వలస బాతులు దిగుతాయి. అంతమాత్రాన పక్షుల మీద కోపం పెంచుకోవాల్సిన పని లేదు. చిత్తూరు జిల్లా కౌండిన్య అడవుల్లో తిరిగే ఏనుగు జాతికీ తనదైన రక్తపురుగు ఉంది. దాన్ని 1945లో ముదలియార్, రామానుజాచారి వర్ణించారు. ప్రతి ప్రాణికీ ఒక పురుగు తోడుంది, అంతే.

భయపెట్టే పేరు ఒకటి ఇక్కడ విడదీసి చెప్పాలి. ముఖ్యంగా ఆఫ్రికాలో మనుషుల రక్తంలోనే పెరిగే షిస్టోసోమాలు వేరు. వాటి కోసం 2021లో 25 కోట్లకు పైగా జనానికి ముందస్తు మందు అవసరమైందని ప్రపంచ ఆరోగ్య సంస్థ లెక్క. మన దేశంలో ఆ జబ్బు మహారాష్ట్రలోని గిమ్వి అనే ఊళ్లో 1952లో బయటపడింది గానీ దేశమంతా పాకలేదు. చెరువు జిల ఆ జబ్బు కాదు. ఒకరి నుంచి ఒకరికి అంటదు, వారం పది రోజుల్లో తనంతట తానే తగ్గుతుంది.

తగ్గేదాకా పడే బాధ మాత్రం చిన్నది కాదు. చల్లటి తడిగుడ్డ వేయడం, కాలమైన్ లోషన్ రాయడం మేలు చేస్తాయి. నిద్ర పట్టనివ్వకపోతే డాక్టరు జిల మాత్రలు, స్టెరాయిడ్ పూతమందు రాస్తారు. గోళ్లతో గోకితే పుండు పడి చీము పడుతుంది, అసలు ముప్పు అదే. పురుగుల మాత్ర మింగడం వల్ల ఒరిగేదేమీ లేదు, చర్మంలో దూరిన పిల్ల అప్పటికే చచ్చి ఉంటుంది. నీళ్లలోంచి లేచిన వెంటనే, తడి ఆరకముందే పొడి తువ్వాలుతో ఒళ్లు గట్టిగా తుడుచుకోవాలి, వీలైతే బోరు నీళ్లతో కడుక్కోవాలి. నాచు పట్టిన ఒడ్డు పక్క లోతు తక్కువ నీళ్లలోనే బెడద ఎక్కువ.

కొందరికి మైలుతుత్తం గుర్తొస్తుంది. అది నత్తలను చంపే మాట నిజమే. దాంతోపాటు చేపలూ చస్తాయి, నత్తలు మళ్లీ వస్తాయి. చెరువులో దాన్ని కుమ్మరించడం తప్పు. మందు పడాల్సింది పశువుకు. గురక పెట్టే ఆవుకు ఆంటిమొనీ ఇంజెక్షన్లు, ప్రాజిక్వాంటెల్ వంటి మందులున్నాయి. తొట్టిలో నీళ్లు పెట్టి, ఆ పశువును చెరువులో దిగనివ్వకుండా ఆపితే కొత్త గుడ్లు పడటం తగ్గుతుంది.

ఈ ఏడు నాట్లకు దిగి కాళ్లు జిల పెడితే, డాక్టరు దగ్గర ఏ చెరువు నీళ్లో, ఏ రోజు దిగారో కూడా చెప్పండి. ఇంటికొచ్చి కొట్టంలో ఆవు ఊపిరి వినండి. గురక వినబడితే రైతు సేవా కేంద్రంలోని పశువైద్య సహాయకుణ్ని పిలవండి, లేదంటే 1962కు ఫోన్ చేయండి.