చిన్న కారు నోరు తెరిచి అడగదు

రోడ్డుమీద నడుస్తూ చనిపోయే కార్లు తక్కువ. చాలా కార్లు ఇంటి ముందే, కదలకుండా, నెలల తరబడి కొంచెం కొంచెంగా చనిపోతాయి. భారతదేశంలో అందరికంటే ముందు మారుతి 800ను అందుకున్న హర్పాల్ సింగ్ కారుకు కూడ ఇంచుమించు ఇదే గతి పట్టింది. ఇండియన్ ఎయిర్‌లైన్స్ ఉద్యోగి అయిన ఆయనకు 1983 డిసెంబరు 14న ప్రధాని ఇందిరా గాంధీ స్వయంగా తాళపు చెవులు అందజేశారు. డి.ఐ.ఏ. 6479 నంబరు గల ఆ కారును 2010లో కన్నుమూసేవరకు ఆయన విడిచిపెట్టలేదు. ఆయన పోయిన తరువాత ఢిల్లీలోని ఆ ఇంటి ముందు నిలిచిపోయిన కారు ఎండకు ఎండి, వానకు తడిసి, తుప్పుపట్టి శిథిలమయింది. అన్నేళ్ళ వాడకం చేయలేని హాని కొద్ది సంవత్సరాల విశ్రాంతి చేసింది. చివరకు తయారుచేసిన సంస్థే దానిని తీసుకువెళ్ళి, బాగుచేయించి, తన ప్రధాన కార్యాలయంలో ప్రదర్శనకు ఉంచింది.

తక్కిన కార్లకు అటువంటి యోగం లేదు. దేశంలో 25 లక్షలకు పైగా అమ్ముడయిన ఈ చిన్న కారు తయారీ 2014 జనవరి 18న ఆగిపోయింది. హైదరాబాదుతో సహా పదమూడు నగరాలలో కొత్త పొగ నిబంధనల మూలంగా 2010 ఏప్రిల్ నుంచే దాని అమ్మకం నిలిచిపోయింది. ప్రయివేటు కారు రిజిస్ట్రేషను పదిహేనేళ్ళకు తీరిపోతుంది కాబట్టి, హైదరాబాదులో చివరిగా కొన్న 800 కార్లకు సైతం 2025తో ఆ గడువు ముగిసింది. ఆపైన కారును నడపాలంటే తనిఖీకి చూపించి, అయిదేళ్ళకొకసారి రిజిస్ట్రేషను తిరిగి చేయించుకోవాలి. ఇందుకయ్యే రుసుమును కేంద్ర ప్రభుత్వం 2022 ఏప్రిల్‌లో 600 రూపాయల నుంచి 5,000 రూపాయలకు పెంచింది. ఇటువంటి పరిస్థితిలో సర్వీసింగు అనేది మెరుగులు దిద్దించే ముచ్చట కాదు; కారు బతకడానికి అర్హత సంపాదించి పెట్టే పని.

ఇంతకు ముందు తరం కార్లకు ఈ నిర్లక్ష్యం చెల్లేది కాదు. అంబాసిడరు గాని, ప్రీమియర్ పద్మిని గాని యజమానిని తీరికగా కూర్చోనిచ్చేవి కావు. ముందు చక్రాల దగ్గర కీళ్ళకు గ్రీజు కొట్టించకపోతే అవి మూలిగేవి. రేడియేటర్‌లో నీళ్ళు చూడనిదే ప్రయాణం మొదలయ్యేది కాదు. ఆదివారం ఉదయం బానెట్టు ఎత్తి నిలబడటం గృహస్థ ధర్మాలలో ఒకటిగా ఉండేది. మారుతి వచ్చి ఆ అలవాటును తప్పించింది. దాని కీళ్ళు గ్రీజుతో సహా మూసివేసి వచ్చాయి. 796 సి.సి. ఇంజను మూడే సిలిండర్లతో, తాళం తిప్పగానే పలికింది. ఏమీ అడగని వస్తువుకు ఏమీ పెట్టనక్కరలేదని జనం అనుకున్నారు. నిజానికి అది అడగడం మానలేదు. గట్టిగా అడగడం మానింది, అంతే.

అన్నిటికంటే ముందు చూడవలసినది ఇంజను ఆయిలు. పెద్ద ఇంజనులో అయిదారు లీటర్ల ఆయిలు ఉంటే, ఈ చిన్న ఇంజనులో ఉండేది దాదాపు మూడు లీటర్లు. అందులో అర లీటరు తగ్గితే ఆరో వంతు తగ్గినట్లే. పైగా ఆయిలు చేసే పని ఒక్క జారుడు కలిగించడం కాదు. పిస్టన్ల వేడిని మోసుకుపోతుంది, మసిని తనలో కలుపుకుంటుంది, లోహం తుప్పు పట్టకుండా కాపాడుతుంది. అందుచేత వాడిన ఆయిలు నల్లబడిందని కంగారు పడనక్కరలేదు. నల్లబడకపోతేనే అది తన పని చేయడం లేదని అనుమానించాలి. భయపడవలసినది పాలు కలిపిన కాఫీ రంగును చూసి. ఆ రంగు కనిపించిందంటే ఎక్కడో నీరు ఆయిలులోకి చేరుతున్నదన్నమాట. వెంటనే సిలిండర్ హెడ్డు గాస్కెట్టును చూపించాలి.

ఆయిలు కొలిచే పుల్లను తీసి చూడటం ఒక నిమిషం పని, కాని చాలామంది దానిని తప్పుగా చేస్తారు. కారు సమమైన నేలమీద ఉండాలి. ఇంజను ఆపిన తరువాత కనీసం అయిదు నిమిషాలు ఆగాలి. లేకుంటే పైన ఉన్న ఆయిలు కిందికి దిగదు. పుల్లను ఒకసారి తుడిచి, మళ్ళీ పూర్తిగా దించి తీసి చూడాలి. రెండు గుర్తుల నడుమ ఉంటే చాలు. ఎందుకయినా మంచిదని పై గుర్తు దాటేలా పోయడం కూడ తప్పే. అప్పుడు క్రాంకు షాఫ్టు ఆ ఆయిలును చిలికి నురుగు చేస్తుంది. నురుగు లోహాన్ని కాపాడలేదు.

పాత కార్బ్యురేటర్ కార్లకు సాధారణంగా 5,000 కిలోమీటర్లకు ఒకసారి ఆయిలు, దానితోపాటు ఫిల్టరు మార్చడం ఆనవాయితీ. ఇక్కడ ఒక చిక్కు ఉన్నది. కూరగాయల మార్కెట్టుకు, బడికి, గుడికి మాత్రమే తిరిగే కారు ఏడాదికి రెండువేల కిలోమీటర్లు కూడ నడవదు. దాని యజమాని లెక్క ప్రకారం ఆయిలు మరో రెండేళ్ళు ఉంటుంది. కాని ఇంత తక్కువ దూరం నడిచే ఇంజను సరిగా వేడెక్కదు. వేడెక్కని ఇంజనులో చెమ్మ, కాలని పెట్రోలు ఆవిరై బయటికి పోకుండా ఆయిలులోకి దిగి నిలుస్తాయి. కాబట్టి తక్కువ తిరిగే కారుకే ఆయిలు తొందరగా పాడవుతుంది. అటువంటి కారుకు కిలోమీటర్లు కాక నెలలు లెక్కపెట్టాలి. ఏడాదికి ఒకసారి మార్చక తప్పదు. వారానికి ఒకసారి ఊరి బయటికి, ఒక ఇరవై కిలోమీటర్లు తిప్పుకు రావడం దానికి మంచి మందు. ఇంటి ముందు నిలబెట్టి అయిదు నిమిషాలు ఇంజను ఆడించడం ఆ మందు కాదు, రోగాన్ని పెంచడమే.

తరువాతిది నీరు. మన ప్రాంతాలలో వేసవి నలభై డిగ్రీలు దాటుతుంది. విజయవాడ బెంజి సర్కిల్ దగ్గర మిట్టమధ్యాహ్నం వాహనాల వరుసలో నిలిచిపోయిన కారుకు ఎదురుగాలి ఉండదు; రేడియేటర్ వెనుక తిరిగే చిన్న ఎలక్ట్రిక్ ఫ్యానే దిక్కు. ఆ ఫ్యాను అన్నివేళలా తిరగదు, నీరు తగినంత వేడెక్కినప్పుడే తిరుగుతుంది. అది పాడయిన సంగతి చలికాలమంతా తెలియకుండా పోవడానికి ఇదే కారణం. ఎండలు ముదరకముందే, నిలబెట్టిన కారులో ఇంజను ఆడిస్తూ ఫ్యాను తిరగడం మొదలయ్యేవరకు ఆగి చూడటం మంచిది. వేడి ముల్లు పైకి పోతున్నా ఫ్యాను కదలకపోతే ఇంజను ఆపివేసి మెకానిక్కుకు చూపించాలి.

రేడియేటర్‌లో బోరు నీళ్ళు పోయడం మన దగ్గర పాత దురలవాటు. ఆ నీటిలోని లవణాలు టీ కాచే గిన్నెకు పట్టినట్లే సన్నని గొట్టాలకు లోపల పెచ్చుగా పడతాయి. శుద్ధజలంలో కూలెంట్ కలిపి పోయాలి. అది గడ్డకట్టే చలిదేశాలకు పనికివచ్చేదనీ, మనకెందుకనీ వాదించేవారున్నారు. కూలెంట్ తుప్పును కూడ నివారిస్తుంది. మనకు కావలసింది ఆ గుణమే. ఇక వేడిగా ఉన్న రేడియేటర్ మూత విప్పడం గురించి ఎన్నిసార్లు చెప్పినా ఎక్కువ కాదు. లోపల నీరు ఒత్తిడిలో ఉండటంవల్లనే నూరు డిగ్రీలు దాటినా మరగకుండా ఉంటుంది. మూత విప్పిన క్షణంలో ఒత్తిడి పోయి, నీరంతా ఒక్కసారిగా మరిగి ముఖంమీదికి చిమ్ముతుంది. వేడి ముల్లు ఎర్రగీత చేరినప్పుడు చేయవలసింది కారు పక్కకు తీసి, ఇంజను ఆపి, అరగంటకు తక్కువ కాకుండా నీడన నిలబడటమే. ఇంకో రెండు కిలోమీటర్లలో ఇల్లు వస్తుంది కదా అని నడిపినవారికి అల్యూమినియం హెడ్డు వంగిపోయి, వేలల్లో బిల్లు చేతికి వస్తుంది.

చెప్పకుండా పోయేది టైమింగు బెల్టు. పళ్ళున్న ఈ రబ్బరు పట్టా క్రాంకు షాఫ్టును, కవాటాలను నడిపే క్యామ్ షాఫ్టును ఒకే తాళానికి కట్టివేస్తుంది. ఇది ముందుగా మూలగదు, జారదు, వాసన కొట్టదు. ఒకనాడు తెగుతుంది, కారు ఉన్నచోటనే ఆగిపోతుంది. కొన్ని రకాల ఇంజనులలో కవాటాలు పిస్టన్లకు తగిలి వంగిపోతాయి కూడ. కారుతో ఇచ్చిన పుస్తకంలో దీనికి ఎన్ని కిలోమీటర్లు అని రాసి ఉంటే అన్ని కిలోమీటర్లకు మార్చడమే వివేకం. సెకండుహ్యాండులో కొన్న కారుకు పాత లెక్క ఏదీ దొరకకపోతే, మార్చలేదనే అనుకోవాలి.

స్పార్కు ప్లగ్గులు మాత్రం మాట్లాడతాయి. విప్పి చూస్తే మొనమీది రంగే ఇంజను ఆరోగ్యాన్ని చెబుతుంది. లేత గోధుమరంగు అయితే అంతా సవ్యం. పొడి మసి పట్టి ఉంటే పెట్రోలు ఎక్కువగా, గాలి తక్కువగా అందుతున్నది. చాలాసార్లు దుమ్ముతో మూసుకుపోయిన ఎయిర్ ఫిల్టరే దీనికి మూలం. నూనె జిడ్డు ఉంటే రింగులు అరిగాయో, కవాటాల దగ్గర సీళ్ళు పోయాయో చూడాలి. నాలుగు సిలిండర్ల కారులో ఒక ప్లగ్గు పోయినా బండి ఎలాగో నెట్టుకొస్తుంది. మూడే ఉన్న కారులో ఒకటి పోతే బలంలో మూడో వంతు పోయినట్లు. కారు చలిజ్వరం వచ్చినట్లు వణుకుతుంది.

టైర్ల సంగతికి వస్తే, ఈ కారు చక్రాలు పన్నెండు అంగుళాలవి. ఒక్కొక్క టైరు నేలను తాకే మేర మనిషి అరచేయి అంత ఉంటుంది. ఇంటిల్లిపాదినీ మోసుకుపోయే కారు రోడ్డును పట్టుకొని ఉండేది ఆ నాలుగు అరచేతులతోనే. గాలిని వారానికో, రెండు వారాలకో ఒకసారి, టైర్లు చల్లగా ఉన్నప్పుడు కొలిపించాలి. గాలి తక్కువయితే అంచులు అరుగుతాయి, ఎక్కువయితే నడుమ అరుగుతుంది. గాళ్ళ లోతు 1.6 మిల్లీమీటర్లకు దిగినప్పుడు వాటి నడుమనున్న చిన్న గట్లు టైరు పైభాగానికి సమంగా కనిపిస్తాయి. ఆ తరువాత వానలో ఆ టైరును నమ్మరాదు. డిక్కీలోని స్టెప్నీలో గాలి ఉన్నదో లేదో పంక్చరు పడిన రాత్రి తెలుసుకోవడం మనలో చాలామందికి అలవాటు. ఇక ప్రత్యేకంగా నైట్రోజన్ నింపించుకొనేవారికి ఒక మాట: మామూలు గాలిలో నూటికి డెబ్బయి ఎనిమిది పాళ్ళు నైట్రోజనే.

బ్రేకుల దగ్గర మాత్రం పొదుపు, వాయిదా, హాస్యం ఏవీ పనికిరావు. చాలామంది యజమానులు బ్రేకు ఆయిలు పేరయినా తలచుకోరు. తగ్గితే పోయిస్తారు, లేకపోతే లేదు. ఈ ద్రవానికి గాలిలోని తేమను పీల్చుకొనే స్వభావం ఉన్నది. డాట్ 3 రకం ద్రవం కొత్తగా ఉన్నప్పుడు 205 డిగ్రీల సెల్సియస్ వరకు మరగకూడదని ప్రమాణం. అందులో నూటికి 3.7 పాళ్ళు నీరు చేరిన తరువాత ఆ ప్రమాణం 140 డిగ్రీలకు పడిపోతుంది. చదునైన రోడ్డుమీద ఈ తేడా తెలియదు. తిరుమల నుంచి గాని, అరకు నుంచి గాని నిండు కారుతో దిగుతూ, మలుపు మలుపుకూ బ్రేకు తొక్కుతూ వస్తే తెలుస్తుంది. చక్రాల దగ్గర పుట్టిన వేడికి పాత ద్రవం మరిగి, గొట్టాలలో ఆవిరి బుడగలు లేస్తాయి. ద్రవం నొక్కుకుపోదు, ఆవిరి నొక్కుకుపోతుంది. కాలు పెట్టగానే పెడలు నేలదాకా దిగిపోతుంది, కారు మాత్రం ఆగదు. ఇంకా విచిత్రమేమిటంటే, చల్లబడిన తరువాత బుడగలు కరిగి పెడలు మళ్ళీ మామూలుగానే ఉంటుంది. కింద షెడ్డులో చూసిన మెకానిక్కుకు ఏ లోపమూ కనిపించదు.

ఇందుకు నివారణ రెండేళ్ళకొకసారి ద్రవం పూర్తిగా మార్పించడమే. ఘాట్ దిగేటప్పుడు ఏ గేరులో ఎక్కుతామో ఆ గేరులోనే దిగాలి. కారును నిలువరించే పనిలో సగం ఇంజనే చేస్తుంది. సీసాలో బ్రేకు ఆయిలు మట్టం తగ్గితే పోయించి ఊరుకోకూడదు. ప్యాడ్లు అరిగి అయినా ఉండాలి, ఎక్కడో కారుతూ అయినా ఉండాలి, ఏదో తేల్చుకోవాలి. చేతికి దొరికిందని ఇంజను ఆయిలు అందులో పోస్తే లోపలి రబ్బరు కప్పులు ఉబ్బి, మొత్తం వ్యవస్థ పాడవుతుంది.

బ్యాటరీ గురించి చెప్పవలసింది కొద్దే. కొనలకు పట్టే తెల్లని, పచ్చని పొడిని వేడి నీళ్ళతో కడిగి, ఆరిన తరువాత వేజలీన్ రాస్తే చాలు. నీళ్ళు పోసే రకమయితే డిస్టిల్డు వాటరు తప్ప మరొకటి పోయకూడదు. ఊరికి పోయి నెల దాటేట్లయితే ఒక తీగె విప్పి పోవాలి.

ఇక మెకానిక్కుల మాట. సొంత షెడ్డు నడుపుకొనే పాత మెకానిక్కు శబ్దం విని రోగం చెప్పగలడు. కాని వాయిదా వేయించే గుణం కూడ అతనిలోనే ఉంటుంది. ‘ఇంకో వెయ్యి కిలోమీటర్లు లాగిస్తుంది సార్’ అనే మాట వినడానికి చల్లగా ఉంటుంది. పెద్ద వర్కుషాపులో ఇందుకు విరుద్ధం. అరగని దానిని కూడ మార్చమంటారు. ఇద్దరి దగ్గరా పనికివచ్చేది ఒకటే: తీసివేసిన పాత సామాను చూపించమని అడగడం, ఏ తేదీన, ఎన్ని కిలోమీటర్ల దగ్గర ఏమి మార్చారో ఒక నోటుబుక్కులో రాసుకోవడం. కారు అమ్మేనాడు ఆ నోటుబుక్కు ఉంటే కొనేవాడు బేరం తక్కువ చేస్తాడు.

తయారీ ఆగిపోయిన కారుకు సామాను దొరకదన్న భయం ఇప్పటికి ఎక్కువ లేదు. ఇటువంటి 796 సి.సి. ఇంజనుతోనే ఓమ్ని వ్యాను 2019 వరకు తయారయింది గనుక ఇంజను భాగాలు ఇంకా బజారులో ఉన్నాయి. తలుపు రబ్బర్లకు, అద్దాలకు, లైట్లకు మాత్రం పాత కార్లు విప్పి అమ్మే దుకాణాల చుట్టూ తిరగవలసి వస్తుంది. బెల్టులు, హోసు పైపులు, బ్రేకు రబ్బర్లు అటువంటి చోట కొనకూడదు. కొత్తవి కొన్నప్పుడు కూడ పెట్టెమీద తయారయిన సంవత్సరం చూసి తీసుకోవాలి. వాడకుండా దుకాణంలో పడి ఉన్నంత మాత్రాన రబ్బరుకు వయసు రాకుండా ఉండదు.