గుంటూరు సీమలో ఎఫ్రాయిము సంతతి

ధర్మపురిలో తరతరాలుగా కాపురమున్నా, ‘మీదే ఊరు?’ అన్న ప్రశ్న మనకు తప్పదు. అందుచేతనే ‘ది జ్యూస్ ఆఫ్ ఆంధ్రప్రదేశ్’ అను గ్రంథం మమ్ము ఆకర్షించింది. యూలియా ఎగొరోవా, షాహిద్ పర్వేజ్‌లు రచించగా 2013లో వెలువడింది.

గుంటూరు ప్రాంతపు కొత్తరెడ్డిపాలెంలో కొన్ని మాదిగ కుటుంబాలవారు తాము ఇశ్రాయేలు గోత్రమైన ఎఫ్రాయిము సంతతి అంటున్నారు. అంతకు ముందు క్రైస్తవులు. గొడ్డుమాంసం తింటారని ఊరు వీరిని దూరముంచింది. ఆ అలవాటునే, శవాలను పూడ్చే ఆచారాన్నీ తమ యూదత్వానికి ఆనవాళ్లుగా చూపుతారు! శనివారం పనిమాని ప్రార్థన చేస్తారు.

రక్తసంబంధం తేల్చడం గ్రంథకర్తల ఉద్దేశం కాదు. కులం పెట్టిన పేరు కాదని తమ పేరు తామే చెప్పుకోవడమెట్లా అన్నదే వారి పరిశీలన. మాకూ అదే సబబనిపించింది. అయితే పేరు చెప్పుకున్నంత మాత్రాన చాలదు; ఇశ్రాయేలులో స్థిరపడాలంటే అక్కడివారు ఒప్పుకోవాలి. గ్రంథం వెలువడేనాటికి ఆ అంగీకారం రాలేదు.